కూచీ సొరంగాలకు ప్రైవేట్ టూరా, గ్రూప్ బస్సా? ముందు ఏ సొరంగమో తేల్చుకోండి

వియత్నాం ప్రయాణంలో హోచిమిన్ సిటీకి (పాత పేరు సైగాన్) రెండు రోజులు పెట్టుకున్న ప్రతి కుటుంబం లిస్టులోనూ కూచీ సొరంగాలు, అంటే యుద్ధకాలంలో గెరిల్లాలు నేల కింద తవ్వుకున్న దారులు, ఉంటాయి. తీరా బుక్ చేద్దామని కూర్చుంటే అదే పేరుతో పదుల కొద్దీ టూర్లు కనిపిస్తాయి. అన్నిటికీ ఒకటే ఫోటో: ఎండుటాకుల మధ్య చెక్క మూత రెండు చేతులతో పైకెత్తి, ఛాతీ దాకా నేలలో దిగి నవ్వుతున్న మనిషి. ఇరవై డాలర్ల టూరుకూ అదే ఫోటో, నూట ఇరవై డాలర్ల టూరుకూ అదే ఫోటో.

తేడా ఎక్కడుందో ఆ ఫోటో చెప్పదు. ఏ సొరంగానికి తీసుకెళ్తున్నారు, ఎన్ని గంటలకు గేటు దగ్గర దించుతున్నారు, అక్కడ మీతో మాట్లాడేది ఎవరు అన్నవే అసలు తేడాలు. ప్రైవేట్ టూరుకు ఎక్కువ డబ్బు పెట్టాక కూడా ఈ మూడూ గ్రూప్ బస్సులో ఉన్నట్టే ఉంటే, ఆ డబ్బు ఏసీ కారు సీటుకు ఖర్చయినట్టే. అందుకే ఈ పోలికలో సొరంగాల గురించి ముందు, టూర్ల గురించి తర్వాత.

## ఎంచుకునే ముందు చూసుకోవాల్సినవి

మోకాళ్ళు, నడుము. మీతో వచ్చేవాళ్ళలో గొంతుక్కూర్చుని పది అడుగులు నడవలేనివాళ్ళు ఎంతమంది? కూచీలో సొరంగం లోపల నిలబడటం కుదరదు. నడుము పూర్తిగా వంచి నడవాలి, కొన్నిచోట్ల మోకాళ్ళ మీద పాకాలి. ఇంట్లోనే చిన్న పరీక్ష పెట్టుకోండి. డైనింగ్ టేబుల్ కింద నుంచి ఒక వైపు దూరి రెండో వైపు బయటికి రావాలి, అదీ ఆగకుండా నాలుగుసార్లు. అది చేయగలిగితే మొదటి ఇరవై మీటర్లు చేయగలరు.

ఇరుకు చోట భయం. లిఫ్టులో ఊపిరాడనట్టు అనిపించేవాళ్ళు, ఎంఆర్ఐ స్కాన్ మధ్యలో ఆపించినవాళ్ళు లోపలికి దిగకపోవడమే మేలు. ఆస్తమా, గుండె జబ్బు, అదుపులో లేని బీపీ ఉన్నవాళ్ళకూ, గర్భిణులకూ ఇదే మాట. సొరంగంలోకి దిగకపోయినా పైన చూడాల్సింది చాలానే ఉంది, కాబట్టి వాళ్ళను హోటల్లో వదిలి వెళ్ళక్కర్లేదు.

భాష. దీన్ని మనవాళ్ళు ఆఖరున ఆలోచిస్తారు. గైడ్లు చెప్పేది ఇంగ్లీషులో, అదీ వియత్నాం యాసలో. నలభై మంది ఉన్న బస్సులో మైకు పట్టుకుని చెప్పుకుంటూ పోతే ఇంగ్లీషు అంతంతమాత్రంగా వచ్చే అమ్మానాన్నలకు ఏమీ అందదు. తెలుగు చెప్పే గైడ్ దొరుకుతాడని ఆశ పెట్టుకోవద్దు. ప్రైవేట్ గైడ్ అయితే రెండు వాక్యాలు చెప్పి ఆగుతాడు, మీరు తెలుగులో చెప్తారు, ఆ తర్వాతే అందరూ ముందుకు కదులుతారు. పెద్దవాళ్ళతో వెళ్ళేవాళ్ళకు ప్రైవేట్ టూరు తీసుకోవడానికి అన్నిటికంటే బలమైన కారణం నా లెక్కలో ఇదే. కారు ఆ తర్వాతే.

టైము. సైగాన్ నడిబొడ్డు నుంచి కూచీకి రోడ్డు మీద గంటన్నర నుంచి రెండు గంటలు. ఉదయం బస్సులన్నీ దాదాపు ఒకే వేళకు బయల్దేరి ఒకే వేళకు చేరుతాయి. వాటికంటే ముందు చేరడమా, వెనక చేరడమా అన్నదే మీ రోజును నిర్ణయిస్తుంది.

## కూచీ అంటే ఒక్క చోటు కాదు

ఇక్కడ తవ్వకం 1940ల చివర్లో, ఫ్రెంచివాళ్ళతో పోరాటం నడిచిన రోజుల్లో మొదలైంది. 1960లలో అమెరికా సైన్యం దిగాక ఊరికీ ఊరికీ కలుపుతూ తవ్వుకుంటూ పోయి, మొత్తం పొడవు 200 కిలోమీటర్లు దాటింది. లాటరైట్ కలిసిన ఎర్ర బంకమట్టి అది. తడిగా ఉన్నప్పుడు పొట్టి పారకు లొంగుతుంది, గాలి తగిలి ఎండితే ఇటుకలా బిగుసుకుంటుంది. అందుకే ఆధారంగా కర్రలు పెట్టకుండానే అన్నేళ్ళు నిలిచింది. తవ్విన మట్టిని వెదురు బుట్టల్లో మోసి బాంబు గుంటల్లో, పొలాల్లో, నదిలో కలిపేసేవాళ్ళు. కొత్త మట్టి కుప్ప ఒక్కటి కనబడినా విమానం పట్టేస్తుంది.

ఇంత పెద్ద వలలో సందర్శకులకు తెరిచినవి ముఖ్యంగా రెండు చోట్లు: బెన్ దిన్, బెన్ డువోక్. రెండూ కూచీయే, రెండింటి మధ్యా కారులో చెప్పుకోదగ్గ దూరం ఉంది. టూరు పేజీలో వట్టి 'కూచీ సొరంగాలు' అని ఉంటే అది బెన్ దిన్ అనుకోండి.

### బెన్ దిన్

నగరానికి సుమారు 50 కిలోమీటర్లు. పెద్ద బస్సులన్నీ వచ్చేది ఇక్కడికే. దారి చదునుగా, నీడగా ఉంటుంది. మొదట పాత నలుపు తెలుపు యుద్ధకాలపు ఫిల్మ్ ఒకటి చూపిస్తారు. తర్వాత మూత తలుపు, చెదపుట్టల్లా మలిచిన గాలి రంధ్రాలు, వెదురు ముళ్ళ ఉచ్చులు, మందుపాతరకు దెబ్బతిన్న అమెరికన్ ఎం-41 ట్యాంకు, బీ-52 బాంబులు పడ్డ గుంటలు, ఆపైన షూటింగ్ రేంజ్. చివర్లో సుమారు వంద మీటర్ల సొరంగం. దాదాపు ప్రతి ఇరవై మీటర్లకూ పైకి రావడానికి మెట్లుంటాయి. ఎక్కడ చాలనిపిస్తే అక్కడ బయటికి వచ్చేయవచ్చు.

ఇబ్బందల్లా రద్దీతోనే. ఉదయం తొమ్మిదిన్నర, పది దాటాక మూత తలుపు దగ్గర క్యూ కడతారు. సొరంగంలో ముందున్న మనిషి ఆగిపోతే వెనకున్నవాళ్ళంతా వంగినవాళ్ళు వంగినట్టే ఉండిపోవాలి. వెనక్కి తిరిగే చోటు ఉండదు. లోపల కంగారుపడేవాళ్ళలో ఎక్కువమంది ఇరుకుకు కాదు, ఇలా కదలకుండా ఆగిపోయినందుకు కంగారుపడతారు.

### బెన్ డువోక్

నగరం నుంచి ఇంకాస్త ఉత్తరంగా, సుమారు 60-70 కిలోమీటర్లు. స్థలం విశాలం, చెట్లు ఎక్కువ, జనం బాగా తక్కువ. స్కూలు పిల్లలు, స్థానిక కుటుంబాలు ఎక్కువగా కనిపిస్తారు. ఇక్కడే స్మారక మందిరం కూడా ఉంది. 1995లో ప్రారంభించిన ఆ మందిరం గోడల నిండా 44 వేల పైచిలుకు యుద్ధ మృతుల పేర్లు చెక్కి ఉంటాయి. బయట 39 మీటర్ల ఎత్తున తొమ్మిది అంతస్తుల గోపురం. అక్కడ గొంతు తగ్గించి మాట్లాడాలి, భుజాలు కప్పుకుని వెళ్ళాలి. సెలవు దినాల్లో అగరొత్తులతో వచ్చి, వేలితో వెతుక్కుంటూ ఇంటిపేరు దగ్గర ఆగే కుటుంబాలు కనిపిస్తాయి. ఉచ్చులూ తుపాకులూ చూసి వచ్చిన కళ్ళకు ఆ గోడ చూపించాలి. పిల్లలకైతే తప్పనిసరిగా.

'బెన్ డువోక్‌లో అసలు సొరంగం, బెన్ దిన్‌లో నకిలీ' అని కొందరు అమ్ముతారు. నమ్మకండి. సందర్శకులు పట్టేలా వెడల్పు చేసి, సన్నటి దీపాలు పెట్టినవి రెండు చోట్లా ఉన్నాయి. బెన్ డువోక్‌ను ఎంచుకోవాల్సింది నిశ్శబ్దం కోసం, మందిరం కోసం.

పేరు దగ్గరా ఒక చిక్కుంది. దక్షిణ వియత్నాం యాసలో ఇక్కడి 'డ' పలకదు, 'య' పలుకుతుంది. డ్రైవర్ నోట ఈ పేరు 'బెన్ యువోక్' లాగా వినిపిస్తుంది. మీరు 'డువోక్' అంటే అతనికి అర్థం కాక అలవాటైన బెన్ దిన్‌కు తీసుకెళ్ళిపోతాడు. మ్యాప్‌లో గుర్తు పెట్టి స్క్రీన్ చూపించండి, బుకింగ్ మెసేజ్‌లో కూడా ఆ పేరు రాయించుకోండి.

### విన్ మోక్

ఇది కూచీ కాదు, సైగాన్‌కు దగ్గరా కాదు. దేశం నడుమున, క్వాంగ్ ట్రీ ప్రాంతంలో, ఒకప్పుడు ఉత్తర, దక్షిణ వియత్నాంలను విడదీసిన 17వ అక్షాంశపు సరిహద్దుకు కొంచెం ఉత్తరంగా సముద్రం ఒడ్డున ఉంది. హుయే నగరం నుంచి కారులో రెండు, రెండున్నర గంటలు. అయినా ఈ పోలికలోకి తేవడానికి కారణముంది. కూచీలో నిలబడలేని చాలామంది ఇక్కడ నడవగలరు.

కూచీ సొరంగాలు యుద్ధం చేయడానికి తవ్వినవి. విన్ మోక్ ప్రాణం కాపాడుకోవడానికి ఒక జాలరి ఊరు తవ్వుకున్నది. 1966లో మొదలుపెట్టి మూడు అంతస్తులుగా దింపారు, అన్నిటికంటే కింది అంతస్తు 20 మీటర్లకు పైనే లోతు. మొత్తం సుమారు రెండు కిలోమీటర్లు. సుమారు అరవై కుటుంబాలు అందులో కాపురం చేశాయి, పదిహేడు మంది పిల్లలు లోపలే పుట్టారు. దారి పక్కన గోడలో తొలిచిన చిన్న గూళ్ళు కనిపిస్తాయి. ఒక్కో గూడు ఒక్కో కుటుంబానికి. మన ఇళ్ళలో మంచం కింద ఉండే చోటు కంటే కొంచెం పెద్దది, అంతే. ప్రసవాల గది కూడా చూపిస్తారు. దారి ఎత్తు చాలాచోట్ల 1.6 నుంచి 1.9 మీటర్లు, కాబట్టి ఐదడుగుల మనిషి తల వంచకుండానే నడుస్తాడు. మెట్లు మాత్రం తడిగా, జారుడుగా ఉంటాయి. ఒక చివర సముద్రపు గాలిలోకి తెరుచుకుంటుంది.

ప్రైవేట్ గైడ్ విలువ ఎక్కువగా తెలిసేది కూడా ఇక్కడే. చూపించడానికి ఉచ్చులు లేవు, కాల్చడానికి తుపాకీ లేదు. గూడు ముందు ఆగి ఎవరైనా వివరంగా చెప్పకపోతే అరగంటలో మట్టి గోడలు చూసి బయటపడతారు.

| చూసుకోవాల్సింది | బెన్ దిన్ | బెన్ డువోక్ | విన్ మోక్ |
|---|---|---|---|
| ఎక్కడి నుంచి | సైగాన్, 50 కి.మీ. | సైగాన్, 60-70 కి.మీ. | హుయే, రెండు గంటల పైన |
| లోపల నడక | వంగి, పాకుతూ | వంగి, పాకుతూ | ఎక్కువ భాగం నిలబడి |
| రద్దీ | ఎక్కువ | తక్కువ | తక్కువ |
| తుపాకుల మోత | ఉంది | ఉంది | లేదు |
| ఎవరి కథ | గెరిల్లాల పోరాటం | పోరాటం, మృతుల స్మారకం | ఊరి జనం బతుకు |
| పట్టే టైము, రాకపోకలతో | సగం రోజు | సగం రోజు కంటే ఎక్కువ | పూర్తి రోజు |

దా నాంగ్, హోయ్ ఆన్ మాత్రమే తిరిగి వచ్చేవాళ్ళు విన్ మోక్‌కు ఒక్క రోజులో వెళ్ళి వద్దామనుకోకండి, కారులోనే రోజంతా అయిపోతుంది. హుయేలో ఒక రాత్రి ఉండేలా ఉంటేనే పెట్టుకోండి. హనోయికే పరిమితమైతే థాంగ్ లాంగ్ కోటలో డీ-67 భవనం కింద నేలమాళిగ ఉంది. ఉత్తర వియత్నాం నాయకత్వం సమావేశాలు జరిపిన చోటది. గంటన్నరలో చూసేయవచ్చు.

## ఎలా వెళ్ళాలి

సొరంగం తేలిందంటే మిగతా లెక్క సులువు. కూచీ వరకు నాలుగైదు దారులున్నాయి. ధరలు సీజన్‌ను బట్టీ ఏజెంట్‌ను బట్టీ మారతాయి కాబట్టి కింద రాసినవి అంచనాకే.

| దారి | సుమారు ఖర్చు | లాభం | నష్టం |
|---|---|---|---|
| పెద్ద బస్సు గ్రూప్ | మనిషికి 15-25 డాలర్లు | చవక, ఆలోచన అక్కర్లేదు | బెన్ దిన్ మాత్రమే, రద్దీ వేళకే |
| చిన్న వ్యాను, 10-12 మంది | అంతకు కొంచెం ఎక్కువ | గైడ్ మాట వినిపిస్తుంది | టైము మన చేతిలో ఉండదు |
| ప్రైవేట్ కారు, గైడ్ | బండికి 80-130 డాలర్లు | టైము, చోటు, వేగం మనవే | ఇద్దరికైతే ఖరీదు |
| కారు మాత్రమే, గైడ్ లేకుండా | అందులో సగం పైచిలుకు | స్వేచ్ఛ | చెప్పేవాళ్ళు ఉండరు |
| సైగాన్ నది మీద స్పీడ్ బోటు | మనిషికి 80 డాలర్లు, ఆపైన | ట్రాఫిక్ లేదు, నది అందం | కుటుంబానికి చాలా ఖర్చు |

కుటుంబం లెక్క వేసి చూడండి. నలుగురు పెద్ద బస్సులో వెళ్తే సుమారు 80 డాలర్లు అవుతుంది. అదే నలుగురికి ప్రైవేట్ కారూ గైడూ కలిపి ఓ 110 అనుకుంటే, మనిషికి ఏడెనిమిది డాలర్లే తేడా. ఆరుగురైతే ఏడు సీట్ల బండిలో ప్రైవేటే చవక పడే సందర్భాలున్నాయి. ఒంటరిగా వెళ్ళేవాళ్ళకు, స్నేహితులిద్దరికి చిన్న వ్యానే సరైన ఎంపిక. అక్కడ ప్రైవేట్‌కు పెట్టే డబ్బు ఇంకో పూట ప్రయాణానికి వస్తుంది.

గ్రాబ్ అనే ట్యాక్సీ యాప్‌లో కారు బుక్ చేసుకుని వెళ్దామనుకునేవాళ్ళకు ఒక హెచ్చరిక. వెళ్ళడానికి కారు దొరుకుతుంది, తిరిగి రావడానికి అక్కడ దొరకడం కష్టం. వెళ్ళే డ్రైవర్‌తోనే ఆగే సమయానికి కూడా బేరం మాట్లాడుకోవాలి. సిటీ బస్సుల్లో వెళ్ళాలంటే 13వ నంబరులో కూచీ బస్టాండుకు, అక్కడి నుంచి 79లో సొరంగాల వైపు. ఖర్చు నామమాత్రం, కానీ పోను రాను ఐదు గంటల పైనే బస్సుల్లో గడుస్తుంది. చిన్న పిల్లలతో, పెద్దవాళ్ళతో వద్దు.

గ్రూప్ బస్సుల్లో చాలావాటికి దారిలో ఒక హస్తకళల కేంద్రం దగ్గర అరగంట మజిలీ ఉంటుంది. కోడిగుడ్డు పెంకులు, ముత్యపు చిప్పలు అతికించి లక్క చిత్రాలు చేస్తుంటారు. పని చూడ్డానికి బాగుంటుంది, కానీ ఆ అరగంటే మీకు సొరంగం దగ్గర రద్దీ తెచ్చిపెడుతుంది. ప్రైవేట్‌లో ఈ మజిలీని తిరుగు ప్రయాణంలోకి మార్చమనండి.

## ప్రైవేట్ టూరు బుక్ చేసేటప్పుడు అడగాల్సినవి

'ప్రైవేట్' అన్న మాటకు ఒక్కొక్కరి దగ్గర ఒక్కో అర్థం. కారు ఒక్కటే ప్రైవేట్, అక్కడికి వెళ్ళాక గైడ్ మరో రెండు కుటుంబాలకు ఉమ్మడి అన్నదీ జరుగుతుంది. 'ఇంగ్లీష్ మాట్లాడే డ్రైవర్' అని రాశారంటే గైడ్ లేడని అర్థం. డ్రైవర్ పార్కింగ్‌లోనే ఉండిపోతాడు. కాబట్టి డబ్బు కట్టే ముందు వాట్సాప్‌లోనే రాతపూర్వకంగా తేల్చుకోండి:

1. బెన్ దిన్‌కా, బెన్ డువోక్‌కా?
2. గైడ్ కారులో మాతోపాటే హోటల్ నుంచి వస్తాడా? లైసెన్స్ కార్డు ఉందా?
3. ప్రవేశ టికెట్లు కలిపారా, విడిగానా? బెన్ దిన్‌లో విదేశీయులకు ఇటీవల లక్షా పాతిక వేల డాంగ్‌ల దరిదాపుల్లో ఉంది. మన రూపాయికి సుమారు 300 డాంగ్‌లు, అంటే నాలుగు వందల చిల్లర.
4. ఉదయం ఆరు, ఆరున్నరకే బయల్దేరదీస్తారా? గేటు ఏడుకు తెరుస్తారు.
5. షూటింగ్ రేంజ్, షాపుల మజిలీ వద్దంటే తీసేస్తారా?
6. మనలో ఒకరు సొరంగంలోకి దిగకపోతే వాళ్ళతో పైన ఎవరుంటారు?

నాలుగో ప్రశ్నకు 'ఎనిమిదిన్నరకు పికప్' అన్న జవాబు వస్తే ఆ టూరు వదిలేయండి. తెల్లవారగట్ల లేవడం ఇష్టం లేకపోతే రెండో దారి ఉంది: మధ్యాహ్నం పన్నెండున్నరకు బయల్దేరి రెండున్నరకు చేరడం. ఉదయపు బస్సులు వెళ్ళిపోయి ఉంటాయి. సాయంత్రం ఐదుకు మూసేస్తారు కాబట్టి అంతకంటే ఆలస్యం చేయొద్దు. వానాకాలంలో, అంటే మే నుంచి నవంబరు దాకా, మధ్యాహ్నం వాన ఎక్కువ. ఆ నెలల్లో ఉదయమే మేలు.

మంచి గైడ్‌ను గుర్తుపట్టడానికి ఒక ఉపాయం. హోవాంగ్ కామ్ పొయ్యి దగ్గర ఆగమనండి. నేలలో వంట చేస్తే పొగ పైకి వచ్చి విమానానికి దొరికిపోతుంది. దానికి విరుగుడుగా పొయ్యి నుంచి మట్టి కాలువలు, అడ్డంగా గదులు తవ్వి, పొగ ఒక్కో గదిలో చల్లబడి పలచబడుతూ పోయేలా చేశారు. చివరికి అది ఆకుల కింద పొగమంచులా పాకుతుంది. పైగా వంట తెల్లవారుజామున, మంచు ఉండగానే చేసేవాళ్ళు. మామూలు గైడ్ 'ఇది వంటగది' అని ముందుకు సాగిపోతాడు. పని తెలిసినవాడు మిమ్మల్ని పొయ్యి దగ్గర నుంచి నడిపించుకుంటూ వెళ్ళి, ఎక్కడో దూరాన ఆకుల్లో పొగ బయటికి వచ్చే చోటు చూపిస్తాడు. గాలి రంధ్రాల దగ్గర మిరియాలు, అమెరికన్ సబ్బు ఎందుకు పెట్టేవాళ్ళో, సొరంగం మధ్యలో యూ ఆకారపు నీటి గుంట ఎందుకుండేదో అడగండి. మొదటిది కుక్కల ముక్కును ఏమార్చడానికి, రెండోది విషవాయువు లోపలికి పాకకుండా ఆపడానికి.

ఇంకో మాట. యుద్ధం గురించి బోర్డుల మీద రాసింది గెలిచిన పక్షం చెప్పుకున్న కథ. సైగాన్‌లో చాలా కుటుంబాలు అప్పట్లో రెండో పక్షాన ఉన్నవే. ప్రైవేట్ గైడ్‌తో తీరిగ్గా ఉన్నప్పుడు, అతనికి ఇబ్బంది లేకపోతే, ఆ మాట కూడా అడగవచ్చు. నలభై మంది ముందు ఏ గైడూ చెప్పడు.

## లోపల ఏది తప్పుతుంది, ఎందుకు

మూత తలుపు కొలత ఇంచుమించు 30 సెంటీమీటర్లు వెడల్పు, 40 సెంటీమీటర్లు పొడవు. ఇరుక్కునేవాళ్ళు ఎక్కువగా పొట్ట దగ్గర కాదు, జేబు దగ్గర ఇరుక్కుంటారు. ఫోను, పర్సు, నడుముకు కట్టుకున్న పౌచ్ ముందే తీసి ఇచ్చేయాలి. రెండు కాళ్ళూ దించి, రెండు చేతులూ నిటారుగా పైకెత్తితే భుజాలు సన్నబడతాయి. అప్పుడు మోకాళ్ళు వంచుతూ కిందికి జారాలి. చేతులు పక్కన పెట్టుకుని దిగితే మోచేతులు గీరుకుంటాయి. పైకి వచ్చేటప్పుడు ముందు రెండు మోచేతులు అంచు మీద ఆనించి, కాలితో గోడను తన్నాలి. నడుము చుట్టుకొలత నలభై అంగుళాలు దాటినవాళ్ళు ఫోటో కోసం పట్టుబట్టవద్దు.

సొరంగంలో ఎవరి వెనక ఎవరన్నది ముఖ్యం. భయపడే అవకాశం ఉన్నవాళ్ళను సైట్ గైడ్ వెనకే, రెండో స్థానంలో పెట్టండి. మొదటి మెట్ల దగ్గరే పైకి పంపేయవచ్చు. వాళ్ళను మధ్యలో పెడితే ముందూ వెనకా మనుషులు ఉండి ఇంకా భయపడతారు. పిల్లలను ఇద్దరు పెద్దవాళ్ళ మధ్య ఉంచండి. మనిషికీ మనిషికీ రెండు మీటర్లు వదలండి. వీపుకు బ్యాగు ఉంటే కప్పుకు తగులుతుంది, కారులోనే వదిలేయాలి.

చీర, పొడవాటి కుర్తా, చున్నీ లోపల మోకాళ్ళ కింద పడి నడవనివ్వవు. మోకాళ్ళు కప్పే పాత ప్యాంటు, ముదురు రంగు టీషర్టు, పట్టున్న బూట్లు. ఎర్రమట్టి మరక తెల్ల బట్టకు పట్టిందంటే వదలదు. దోమల మందు ఇంటి దగ్గరే రాసుకుని బయల్దేరండి. యుద్ధకాలంలో ఈ సొరంగాల్లో మలేరియా ఎంతో మందిని చంపింది. వాన పడ్డ మర్నాడు లోపల గాలి ఆవిరి గదిలా ఉంటుంది. మనిషికి లీటరు నీళ్ళు తప్పనిసరి.

షూటింగ్ రేంజ్ గురించి సూటిగా చెప్పాలి. ఏకే-47, ఎం-16 లాంటివి నిజమైన తూటాలతో కాల్చనిస్తారు. తూటా లెక్కన డబ్బు, సాధారణంగా కనీసం పది కొనాలి. ఆ మోత దూరం దాకా వినిపిస్తుంది. చంటిపిల్లలు ఉలిక్కిపడి ఏడుస్తారు, వినికిడి యంత్రం పెట్టుకున్న పెద్దవాళ్ళకు అది నరకం. వేల మంది చనిపోయిన నేల మీద సరదాకు కాల్చడం సరైన పని కాదనే నా అభిప్రాయం. మీరు వేరుగా అనుకోవచ్చు, కానీ పిల్లలను తీసుకెళ్తే అక్కడ ఆగవద్దు. క్యాంటీన్ రేంజ్ పక్కనే ఉంటే విశ్రాంతి ఇంకో చోట తీసుకోండి.

## ఎవరికి ఏది

అరవై దాటిన అమ్మానాన్నలతో: ప్రైవేట్ కారు, గైడ్, బెన్ డువోక్, ఉదయం. సొరంగంలోకి మొదటి ఇరవై మీటర్లు మాత్రమే, అదీ వాళ్ళు కోరుకుంటేనే. మోకాళ్ళు బాగా అరిగిన వాళ్ళకు సైగాన్‌లోనే స్వాతంత్ర్య భవనం కింద ఉన్న నేలమాళిగ చూపించండి. దక్షిణ వియత్నాం అధ్యక్షుడి యుద్ధ గదులు, గోడ మ్యాపులు, పాత రేడియో సెట్లు అలాగే ఉన్నాయి. నిటారుగా నడిచి చూడవచ్చు.

ఎనిమిది నుంచి పదిహేనేళ్ళ పిల్లలతో: వాళ్ళకు లోపల మనకంటే సులువు, కాబట్టి పరుగెత్తకుండా చూసుకోవడమే పని. బెన్ దిన్‌లో ఏడు గంటలకు గేటు దగ్గర ఉంటే మూత తలుపు, ట్యాంకు, సొరంగం అన్నీ క్యూ లేకుండా అయిపోతాయి. పదికల్లా తిరుగుముఖం పట్టవచ్చు.

చరిత్ర మీద ఆసక్తి ఉన్నవాళ్ళకు: కూచీలో చిన్న వ్యాను చాలు, ఆ మిగిలిన డబ్బుతో హుయే నుంచి విన్ మోక్‌కు ప్రైవేట్ గైడ్‌ను పెట్టుకోండి. దారిలోనే, దేశాన్ని రెండుగా చీల్చిన బెన్ హాయ్ నది మీద హియెన్ లువాంగ్ వంతెన వస్తుంది. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా హుయే వైపు వానలు ఎక్కువ, ఆ నెలలు తప్పించండి.

ఒక్క రోజులో రెండు చూడాలనుకునేవాళ్ళకు: కూచీ, మెకాంగ్ డెల్టా కలిపిన టూర్లు బాగా అమ్ముడుపోతాయి. ఒకటి నగరానికి వాయవ్యంలో, ఇంకొకటి నైరుతిలో. పన్నెండు గంటల రోజులో సగం బండిలోనే గడుస్తుంది. దానికి బదులు కూచీ దిక్కునే ఉన్న తాయ్ నిన్‌లోని కావో దాయ్ (వియత్నాంలోనే పుట్టిన ఒక మతం) ఆలయాన్ని కలపండి. అక్కడ మధ్యాహ్నం పన్నెండు గంటల ప్రార్థన చూసుకుని, తిరిగి వస్తూ రెండున్నర, మూడుకు బెన్ డువోక్ చేరితే జనం ఉండరు. ప్రైవేట్ కారు లేకుండా ఈ వరస కుదరదు.

శాకాహారులకు: సొరంగం చూశాక ఒక పళ్ళెం ఉడికించిన కర్రపెండలం, పక్కన వేరుశెనగ, నువ్వులు, ఉప్పు, పంచదార కలిపి దంచిన పొడి పెడతారు. లోపల గెరిల్లాలు తిని బతికింది అదే దుంప. సామర్లకోట, పెద్దాపురం వైపు వాళ్ళకు చేను చూడగానే గుర్తుపట్టే పంట. వేడి ముక్కను పొడిలో అద్దుకుంటే మన నువ్వుల పొడి రుచికి దగ్గరగా ఉంటుంది, మాంసం వాసన కూడా ఉండదు. దీన్ని భోజనం అనుకోవద్దు గానీ, నగరానికి తిరిగి వచ్చేదాకా కడుపు పట్టి ఉంచుతుంది. దారి మధ్య హోటళ్ళలో శాకాహారం కావాలంటే 'చాయ్' అన్న మాట వాడండి. వియత్నామీలో దానికి టీ అని అర్థం కాదు, శాకాహారమని.

సాయంత్రం విమానం ఉన్నవాళ్ళకు: తాన్ సన్ న్యాత్ విమానాశ్రయం నగరానికి కూచీ వైపునే ఉంది. హోటల్ ఖాళీ చేసి సామాను కారులోనే పెట్టుకుని, తిరుగు దారిలో నేరుగా విమానాశ్రయంలో దింపమని బుకింగ్‌లోనే రాయించండి. నగరం లోపలికి వెళ్ళి మళ్ళీ బయటికి వచ్చే ట్రాఫిక్ తప్పుతుంది. సూట్‌కేసులు పట్టాలంటే నలుగురికైనా ఏడు సీట్ల బండే అడగాలి. చేతి బ్యాగులో ఒక జత బట్టలు, తడి తుడుపులు విడిగా ఉంచుకోండి. ఆ ఎర్రమట్టి మోకాళ్ళతో విమానం ఎక్కలేరు.